‘కుదరదు’ అనైనా రాసివ్వండి

హైకోర్టు గేటు దగ్గర ఉదయం పదింటికి కాసేపు నిలబడి చూడండి. నల్లకోట్ల హడావిడి మధ్య చేతిలో ప్లాస్టిక్ కవరు పట్టుకుని, తమ వకీలు కోసం మెడ సాచి వెతుక్కునే మనుషులు కనిపిస్తారు. అలాంటి కవరు ఒకదాన్ని దగ్గరగా చూసే అవకాశం నాకు ఒకసారి వచ్చింది. పైన ఆధార్ జిరాక్సు. దాని కింద మూడు మీసేవ రసీదులు, ప్రజావాణిలో ఇచ్చిన అర్జీల నకళ్లు ఐదు, పాత పహాణీ ఒకటి. అన్నిటికన్నా అడుగున, మడతల దగ్గర చిరిగితే వెనక నుంచి టేపు అంటించిన శిస్తు రసీదు. తాత కట్టినది. సిరా వెలిసిపోయినా సర్వే నంబరు మాత్రం చదవడానికి వీలుగానే ఉంది. ఆ పెద్దాయన దాన్ని బయటికి తీయలేదు, చిరుగుతుందని భయం. కవరు మీద నుంచే వేలితో చూపించాడు.

ఆయన కేసు దాయాదుల మీద కాదు. గట్టు జరిపిన పక్క పొలం వాడి మీద కూడా కాదు. తండ్రి పోయాక భూమిని తన పేరు మీదికి మార్చమని పెట్టుకున్న దరఖాస్తును తహశీల్దారు ఏదో ఒకటి తేల్చాలి, అంతే ఆయన కోరేది. చేస్తామన్నా సరే, చేయమన్నా సరే. నాలుగేళ్లుగా ఆ రెండో మాట కూడా ఆయనకు ఎవరూ కాగితం మీద చెప్పలేదు.

ప్రభుత్వం తప్పు చేస్తే జనం కోర్టుకు వెళ్లడం ఎప్పుడూ ఉన్నదే. ఏమీ చేయనందుకు వెళ్లడం ఇప్పుడు అంతకంటే మామూలైపోయింది. ‘మా దరఖాస్తుపై చర్య తీసుకోకపోవడం చట్టవిరుద్ధం, ఏకపక్షం’ అనే వాక్యం రిట్ పిటిషన్లలో ఎంత అరిగిపోయిందంటే, సర్వే నంబరూ ఊరి పేరూ మార్చుకుంటే చాలు, మిగతాది వకీలు కంప్యూటర్లో సిద్ధంగానే ఉంటుంది.

ఎందుకిలా అని అడిగితే చాలామంది ఒక్క మాటలో తేల్చేస్తారు: లంచం. అది నిజమే, కానీ సగం నిజం. ఒకసారి తహశీల్దారు కుర్చీలో కూర్చుని చూద్దాం. దరఖాస్తు మీద ‘సరే’ అని సంతకం పెడితే, రేపు ఇంకొకరు వచ్చి ఆ భూమి మాదంటే విచారణ, సస్పెన్షన్, అదృష్టం బాగోకపోతే ఏసీబీ. ‘కుదరదు’ అని రాస్తే కారణం రాయాలి. రాసిన కారణం పైఅధికారి దగ్గరికి అప్పీలుగా, అక్కడి నుంచి కోర్టుకు వ్యాజ్యంగా ఎక్కుతుంది. ప్రతి అక్షరానికీ సమాధానం చెప్పుకోవాలి. అసలేమీ రాయకపోతే? ఏమీ కాదు. బదిలీ అయ్యేదాకా ఫైలు బీరువాలో పడి ఉంటుంది, తర్వాత అది వచ్చినవాడి తలనొప్పి. దరఖాస్తుదారు కోర్టుకెక్కితే వాదించడానికి ప్రభుత్వ ప్లీడరు ఉన్నాడు, ఆయన ఫీజు ఖజానాది. పైసా ముట్టని అధికారి కూడా ఫైలు ముట్టుకోకపోవడానికి కారణం ఇదే. మన రెవెన్యూ వ్యవస్థ సంతకం పెట్టినవాణ్ని పట్టుకోగలదు, పెట్టనివాణ్ని పట్టుకోలేదు.

చట్టం లేక కాదు ఈ గతి. పట్టాదారు పాసుపుస్తకాల చట్టం 1971లోనే వచ్చింది. భూమిపై హక్కు సంక్రమించినవారు 90 రోజుల్లో ఆ సంగతి తెలియజేయాలని నాలుగో సెక్షన్ చెబుతుంది. రికార్డు సవరించే బాధ్యతను ఐదో సెక్షన్ అధికారికి అప్పగిస్తుంది. ఆంధ్రప్రదేశ్‌లో ఈనాటికీ నడుస్తున్నది ఈ చట్టమే. గడువు దాటించిన రైతుకు చిక్కులు తప్పవు. పని దాటవేసిన అధికారికి మాత్రం జేబులోంచి పోయేదేమీ లేదు.

తెలంగాణలో 2017 సెప్టెంబరులో భూ రికార్డుల ప్రక్షాళన మొదలైంది. వివాదం లేని భూములను ‘పార్ట్ ఏ’లో, తేలాల్సినవాటిని ‘పార్ట్ బి’లో పెట్టారు. పార్ట్ బి అంటే తర్వాత చూస్తామని. ఆ ‘తర్వాత’ ఎంత ఖరీదైనదో 2018 మే 10న హుజూరాబాద్‌లో రైతుబంధు ప్రారంభమయ్యాక తెలిసింది. ఎకరాకు పంటకు నాలుగు వేలు, పాసుపుస్తకం ఉన్నవారికే. పార్ట్ బిలో ఇరుక్కున్న రెండెకరాల రైతు ఏడాదికి 16 వేలు పోగొట్టుకున్నాడు. సాయం ఐదు వేలకు పెరిగాక ఆ నష్టం 20 వేలైంది. రైతుబీమా సంగతి సరేసరి. ఇంటి పెద్ద పోయాక, పాసుపుస్తకం లేదు గనుక ఐదు లక్షలూ రావని విన్న కుటుంబానికి ఆ జాప్యం ఆఫీసు వ్యవహారంగా కనిపించదు.

2020 అక్టోబరు 29న ధరణి వచ్చింది. దానితోపాటు వచ్చిన కొత్త చట్టం రెవెన్యూ కోర్టులను ఎత్తేసింది, పాత చట్టంలో ఉన్న అప్పీలు మెట్లనూ తీసేసింది. అవినీతికి ఆస్కారం లేకుండా చేశామని ప్రభుత్వం చెప్పుకుంది. ఉద్దేశం ఏమైనా, జరిగిందొకటి. కంప్యూటర్లో పేరు తప్పు పడితే, విస్తీర్ణంలో నాలుగు గుంటలు తగ్గితే, పట్టా భూమి నిషేధిత జాబితాలోకి జారితే ఎవరికి మొరపెట్టుకోవాలో తెలియని స్థితి వచ్చింది. ధరణిలో తప్పులు సవరించమని పెట్టుకునే దరఖాస్తు ‘టీఎం-33’ పేరు పల్లెల్లో ఎరువుల పేరంత మామూలైంది. అప్పీలుకు వేదిక లేనప్పుడు జనం నేరుగా హైకోర్టుకే వెళతారు, వెళ్లారు.

సాదాబైనామాల కథ ఇంకా విచిత్రం. తెల్లకాగితం మీద రాసుకున్న కొనుగోళ్లను క్రమబద్ధీకరిస్తామని ప్రభుత్వమే 2020 అక్టోబరులో దరఖాస్తులు పిలిచింది. సుమారు 9 లక్షలు వచ్చాయి. ఈలోగా ఏ చట్టం కింద వాటిని పరిష్కరించాలో ఆ 1971 చట్టాన్నే తెలంగాణ రద్దు చేసుకుంది. లేని చట్టం కింద దరఖాస్తులు ఎలా పరిశీలిస్తారని నవంబరులో హైకోర్టు ప్రశ్నించి, కొత్త చట్టం వచ్చాక అందినవాటిని ఆపమంది. పిలిచింది ప్రభుత్వం, కాళ్ల కింద నేల తీసేసుకున్నదీ ప్రభుత్వమే. ఏళ్ల తరబడి ఎదురుచూసింది మాత్రం రైతులు. 2025 ఏప్రిల్ 14న అమల్లోకి వచ్చిన భూభారతి చట్టం అప్పీలు వ్యవస్థను తిరిగి తెచ్చింది. మంచిదే. అయితే అప్పీలు దేని మీద వేస్తారు? ఇచ్చిన ఉత్తర్వు మీద. ఉత్తర్వే ఇవ్వకపోతే ఆ మెట్లన్నీ అలంకారానికే.

ఆంధ్రప్రదేశ్‌లో పేర్లు వేరు, బాధ ఒకటే. అడంగల్‌లో ఒక పేరు, 1-బిలో ఇంకో పేరు. రిజిస్ట్రేషన్ చట్టం 22-ఏ కింద నిషేధిత జాబితాలో ఎందుకు చేరిందో తెలియని భూమి. ఆంగ్లేయుల నాటి రీసెటిల్‌మెంట్ రిజిస్టరులో పేరు ఉండాల్సిన చోట చుక్కలు పెట్టినందుకు తరతరాలుగా అనుమానం మోస్తున్న ‘చుక్కల భూములు’. వీటి కోసం 2017లో ప్రత్యేక చట్టమే చేయాల్సి వచ్చింది. ఆ తర్వాత 2023లో వచ్చిన భూ యాజమాన్య హక్కు చట్టం రేపిన దుమారం, 2024లో ప్రభుత్వం మారాక దాని రద్దు అందరికీ గుర్తున్నవే. ఆ చట్టం మంచిచెడ్డల జోలికి ఇక్కడ వెళ్లను. కానీ ఆ గొడవలో ఒక సంగతి బయటపడింది. భూమి తగాదా సివిల్ కోర్టు చేతిలోంచి అధికారి చేతిలోకి పోతుందేమోనన్న భయమే జనాన్ని కదిలించింది. కోర్టులో ఇరవై ఏళ్లు పడుతుందని తెలిసీ ఆ కుర్చీ కంటే కోర్టే నయమనుకున్నారు. రెవెన్యూ శాఖ మీద ఇంతకంటే కఠినమైన తీర్పు ఏ న్యాయమూర్తీ రాయలేదు.

మరి కోర్టుకు వెళితే ఏమవుతుంది?

రాజ్యాంగం 226వ అధికరణ కింద హైకోర్టు అధికారికి ‘నీ పని నువ్వు చెయ్యి’ అని ఆదేశించగలదు. దాన్నే మాండమస్ అంటారు. దానికి రెండు షరతులు. అడిగేవాడికి చట్టం ఇచ్చిన హక్కు ఉండాలి, చేయాల్సినవాడికి చట్టం పెట్టిన బాధ్యత ఉండాలి. నూజివీడు జమీందారీకి సంబంధించిన అప్పారావు కేసులో సుప్రీంకోర్టు 2002లో ఈ సంగతి స్పష్టం చేసింది. పైగా ముందు అధికారిని అడిగి ఉండాలి. నోటిమాటగా అడిగితే లెక్కలోకి రాదు. భూమి ఎవరిదన్న అసలు తగాదాలోకి రిట్ కోర్టు సాధారణంగా దిగదు, అది సివిల్ కోర్టు పని.

ఇంతవరకూ బాగానే ఉంది. చిక్కు వచ్చేది ఆ తర్వాతే. ఇలాంటి కేసుల్లో ఎక్కువగా వెలువడే ఉత్తర్వు రెండు మూడు పేరాలు మించదు. పిటిషనరు దరఖాస్తును చట్టప్రకారం పరిశీలించి ఆరు వారాల్లోనో ఎనిమిది వారాల్లోనో తగిన నిర్ణయం తీసుకోండి. కేసు ముగిసింది. పెద్దాయన కవరులోకి ఇంకో కాగితం చేరింది. ఏ బల్ల దగ్గర నాలుగేళ్లు నిలబడ్డాడో ఆ బల్ల దగ్గరికే దాన్ని పట్టుకుని తిరిగి వెళ్లాలి. దేవుడు వరమిచ్చాడు, ఇక పూజారి కరుణించాలి.

ఇలాంటి ‘పరిశీలించండి’ ఉత్తర్వుల మీద సుప్రీంకోర్టుకే అసంతృప్తి ఉంది. ఆంధ్రప్రదేశ్ ఆర్టీసీ కేసులో 2006లో ఆ మాటను విడమరిచి చర్చించింది. ఏం పరిశీలించాలో, ఏ ప్రాతిపదికన పరిశీలించాలో తేల్చి చెప్పాలని హెచ్చరించింది. 2008లో సి.జాకబ్ కేసులో ఇంకో కోణం ఎత్తి చూపింది. అర్జీకి జవాబిమ్మంటే పోయేదేముందని కోర్టులు ఆదేశాలిస్తుంటే, ఎప్పుడో కాలం చెల్లిన క్లెయిములకు ఆ జవాబుతో మళ్లీ ప్రాణం వస్తోందని. అది ఉద్యోగ వ్యవహారం. భూమి కేసుల్లో దానికి తలకిందులుగా జరుగుతోంది. బతికున్న హక్కు ఆ ‘పరిశీలన’లో ఊపిరాడక పోతోంది. ఎనిమిదో వారం చివర్లో వచ్చే జవాబు చాలాసార్లు రెండు పంక్తులు: ‘రికార్డులు పరిశీలించడమైనది. మీ అభ్యర్థన పరిగణనలోకి తీసుకొనుటకు వీలుపడదు.’ ఏ రికార్డు చూశారు, ఎందుకు వీలుపడదు? మళ్లీ మొదటికి.

కోర్టు చెప్పినా కదలకపోతే ధిక్కార పిటిషన్ ఉంది. ఇందులో చాలామందికి తెలియని మెలిక, 1971 నాటి కోర్టు ధిక్కార చట్టం 20వ సెక్షన్ ప్రకారం ఏడాదిలోపే కదలాలి. ఇవాళ, రేపు అంటూ ఆ ఏడాది గడిపించేయడం ఆఫీసుల్లో తెలియని విద్యేమీ కాదు. ధిక్కార కేసు పడగానే ఫైలు రెక్కలు కట్టుకుని ఎగురుతుంది, అధికారి బేషరతుగా క్షమాపణ చెబుతాడు, కథ సుఖాంతం. నిజంగా శిక్షదాకా పోయేవి తక్కువ. గుంటూరు జిల్లాలో తహశీల్దారుగా ఉండగా హైకోర్టు ఉత్తర్వును కాదని గుడిసెలు కూల్పించిన అధికారి ఒకరు డిప్యూటీ కలెక్టరయ్యారు. 2025 మేలో సుప్రీంకోర్టు ఆయన్ను తిరిగి తహశీల్దారు హోదాకు దించి, లక్ష రూపాయల జరిమానా వేసింది. కూల్చివేతకూ ఈ తీర్పుకూ మధ్య పదేళ్లు దాటింది. అదీ ఉత్తర్వుకు ఎదురు తిరిగి చేసిన పనికి. ఏమీ చేయకుండా కూర్చున్నందుకు హోదా తగ్గించిన ఉదాహరణ నాకైతే గుర్తులేదు.

ఇక పన్ను దగ్గరా ఇదే మౌనం. పల్లెలో శిస్తు మాట ఇప్పుడు పెద్దగా వినపడదు కానీ, పట్నంలో దాని వారసుడు ఇంటి పన్ను రూపంలో దర్జాగా ఉన్నాడు. మా కాలనీలో ఒక ఇంటికి, యజమాని చనిపోయి పన్నెండేళ్లయినా ఆయన పేరు మీదే ఏటా డిమాండు నోటీసు వస్తుంది. కొడుకులు క్రమం తప్పకుండా కడతారు, రసీదు కూడా తండ్రి పేరు మీదే వస్తుంది. పేరు మార్చమని పెట్టిన దరఖాస్తుకు మాత్రం జవాబు లేదు. డబ్బు తీసుకునేటప్పుడు గుర్తుపట్టే కుటుంబాన్ని కాగితం ఇచ్చేటప్పుడు గుర్తుపట్టకపోవడం మునిసిపాలిటీలకు బాగా అలవాటైన మతిమరుపు.

చట్టం దృష్టిలో పన్ను రసీదు గానీ మ్యుటేషన్ గానీ యాజమాన్య హక్కు ఇవ్వవు. సావర్ణి కేసులో 1996లో, జితేంద్ర సింగ్ కేసులో 2021లో సుప్రీంకోర్టు చెప్పింది ఇదే. రెవెన్యూ రికార్డులో పేరు మారడం శిస్తు ఎవరి దగ్గర వసూలు చేయాలో తెలుసుకోవడానికే, హక్కు తేలేది సివిల్ కోర్టులో. సిద్ధాంతంగా ఇందులో వంక పెట్టడానికి లేదు. కానీ ఆచరణ చూడండి. పాసుపుస్తకం లేనిదే బ్యాంకు పంట రుణం ఇవ్వదు, సర్కారు సాయం రాదు, కొనేవాడు ముందుకు రాడు. హక్కు ఇవ్వదని చెప్పే కాగితం చుట్టూనే హక్కులన్నీ అల్లుకుని ఉన్నాయి. మరి ఆ కాగితం ఇవ్వకపోవడాన్ని ‘అది హక్కు కాదు కదా’ అని తేలిగ్గా తీసుకోవడం ఎంతవరకు న్యాయం?

ఈ విషయంలో 2025 నవంబరు 7న వచ్చిన తీర్పు ఒకటి మన రాష్ట్రాల్లో చర్చకు రావాల్సినంత రాలేదు. మ్యుటేషన్ రుజువు చూపితేనే రిజిస్ట్రేషన్ చేయాలని బిహార్ 2019లో నిబంధన తెచ్చింది. అక్కడ మ్యుటేషన్లూ సర్వేలూ తెమలక ఏళ్లూపూళ్లూ సాగుతున్నాయి. అంటే ఒక ఆఫీసు పని చేయనందుకు ఇంకో ఆఫీసు జనాన్ని వెనక్కి పంపాలన్నమాట. సమీవుల్లా కేసులో సుప్రీంకోర్టు ఆ నిబంధనను కొట్టేసింది. అంతకు ముందు ఏప్రిల్‌లో తమిళనాడు నిబంధన ఒకటి కూడా పోయింది. అమ్మేవాడి హక్కు పత్రాలు సబ్‌రిజిస్ట్రారు అడగడానికి వీల్లేదని కోర్టు తేల్చింది. ప్రభుత్వం తన జాప్యాన్నే పౌరుడి అనర్హతగా మార్చకూడదన్నది బిహార్ తీర్పులో నాకు వినిపించిన మాట. పార్ట్ బిలో ఉంచి రైతుబంధు ఆపడం కూడా సరిగ్గా అదే కదా!

మౌనానికి ఖరీదు కట్టడం మన చట్టాలకు చేతకానిదేమీ కాదు. సమాచార హక్కు చట్టం కింద నా ఫైలు ఎక్కడుందో 30 రోజుల్లో చెప్పకపోతే అధికారికి రోజుకు రూ.250 చొప్పున గరిష్ఠంగా రూ.25,000 జరిమానా. ఫైలు ఎక్కడుందో చెప్పకపోతే జరిమానా ఉంది, ఆ ఫైలును అక్కడే పదేళ్లు ఉంచితే లేదు! మధ్యప్రదేశ్ 2010లోనే సేవల హామీ చట్టం తెచ్చి, జాప్యానికి రోజుకు రూ.250 లెక్కన అధికారి నుంచే వసూలు చేసే ఏర్పాటు చేసింది. ప్రభుత్వ పదవిలో ఉన్నవాడు పౌరుణ్ని వేధిస్తే ఆ పరిహారం బాధ్యుడి జేబులోంచి రాబట్టమని 1993లోనే లక్నో అభివృద్ధి సంస్థ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ప్రభుత్వంపై దావాకు ముందు సివిల్ ప్రొసీజర్ కోడ్ సెక్షన్ 80 కింద రెండు నెలల నోటీసు ఇవ్వాలి. ఆ నోటీసులకు జవాబే రావడం లేదని 2005లో సేలం న్యాయవాదుల సంఘం కేసులో కోర్టు మండిపడింది, జవాబు బాధ్యత ఒక అధికారికి అప్పగించమంది. ఇరవై ఏళ్లయింది. మీ జిల్లాలో ఆ అధికారి ఎవరో మీకు తెలుసా?

అధికారుల పక్షాన చెప్పాల్సిందీ ఉంది. తహశీల్దారు రోజు మొత్తం మ్యుటేషన్ల మీదే గడవదు. ఎన్నికలు, ధ్రువపత్రాలు, మంత్రుల పర్యటనలు, వరదలు, ధాన్యం కొనుగోళ్లు అన్నీ ఆ నెత్తి మీదే. 2019 నవంబరు 4న అబ్దుల్లాపూర్‌మెట్ తహశీల్దార్ విజయారెడ్డిని ఆమె కార్యాలయంలోనే సజీవ దహనం చేశారు. పాసుపుస్తకం గొడవే దానికి నేపథ్యంగా చెప్పారు. ఆ ఘోరానికి ఏ సమర్థనా లేదు. ఆ తర్వాత కొన్నాళ్లు కొన్ని ఆఫీసుల్లో బల్లలకు అడ్డంగా తాళ్లు కట్టుకుని కూర్చున్నారు. జనానికీ కుర్చీకీ మధ్య దూరం పెంచితే భద్రత వస్తుందనుకోవడం పొరపాటు. రాతపూర్వక జవాబు రైతుకు ఎంత అవసరమో, ఎదుట నిలబడ్డ కోపం నుంచి తప్పించుకోవడానికి అధికారికీ అంతే అవసరం. ‘కారణం కాగితంలో ఉంది, అప్పీలుకు వెళ్లండి’ అని చెప్పగలిగిన అధికారి ఆ కోపానికి ఒక దారి చూపినట్టే.

కాబట్టి చేయాల్సింది పెద్ద సంస్కరణేమీ కాదు. దరఖాస్తు అందిన రోజు నుంచి నిర్ణీత గడువులో ఉత్తర్వు రాకపోతే దాన్ని తిరస్కరణగానే లెక్కగట్టి అప్పీలుకు అవకాశం ఇస్తే చాలు, హైకోర్టుదాకా రావాల్సిన అవసరం చాలామందికి ఉండదు. భవన అనుమతుల్లో తెలంగాణ టీఎస్ బీపాస్‌తో గడువు దాటితే అనుమతి ఇచ్చినట్టే అనే పద్ధతి తెచ్చింది. భూమిలో దాన్ని అలాగే దించడం ప్రమాదం. ఇద్దరు అన్నదమ్ముల్లో ఒకడి దరఖాస్తు గడువు దాటిందని మొత్తం వాడి పేరున ఎక్కిపోతే రెండోవాడు రోడ్డున పడతాడు. అప్పీలుకు దారి తెరవడంలో ఆ ముప్పు లేదు. ఇక హైకోర్టులు ‘పరిశీలించండి’ అనేటప్పుడు ఏ రికార్డులు చూడాలో, ఏ ప్రశ్నకు జవాబు రాయాలో నాలుగు వాక్యాలు జోడించాలి. గడువు దాటితే ఖర్చులు ఖజానా నుంచి గాక జీతంలోంచి కట్టాలని ఒక్క వాక్యం చేర్చాలి. ఆ ఒక్క వాక్యం పడిన మొదటి పది కేసుల తర్వాత బీరువాలు వాటంతటవే తెరుచుకుంటాయని నా నమ్మకం.

అప్పటిదాకా కవరు పట్టుకుని తిరిగేవారికి ఒక మాట. మీసేవ రసీదుతో సరిపెట్టుకోకండి. ఏ భూమి, ఏ రికార్డు, ఏ చట్టం కింద ఏం కావాలో స్పష్టంగా రాసి తపాలులో పంపండి. రిజిస్టర్డు పోస్టు 2025లో స్పీడ్ పోస్టులో కలిసిపోయింది, అందినట్టు రుజువు మాత్రం అడిగి తీసుకోండి. మహిళలకు, ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో నిమిత్తం లేకుండా న్యాయసేవాధికార సంస్థ ఉచితంగా వకీలును ఇస్తుంది. కోర్టు ఉత్తర్వు చేతికొచ్చిన రోజును క్యాలెండర్ మీద గుర్తు పెట్టుకోండి, ఏడాది దాటనివ్వకండి. స్వయంగా వెళ్లి అర్జీ ఇస్తే, నకలు మీద తేదీ, ముద్ర, ఇన్‌వార్డు నంబరు పడేదాకా ఆ కౌంటరు ముందు నుంచి కదలకండి.